మద్రాసు మేస్త్రీ గీత

పోయిన నెల నంద్యాలలో బంధువుల పిల్ల పెళ్లికి పోయాను. కల్యాణమండపం వాకిట్లో ఒక పాత కారును నిలబెట్టి బంతిపూలు చుట్టారు. మీగడ రంగు, గుండ్రటి వీపు, ముందర పళ్లికిలించినట్టు ఇనుప జాలీ. అది నడిచి వచ్చింది కాదు, లారీ మీద తెచ్చి దించారట. ఇప్పుడు ఇలాంటి కార్లు అద్దెకు దొరుకుతాయి, ఫొటోలకు. ఫొటో తీసే కుర్రాడు పెళ్లికొడుకు చేతికి ఒక ఇనుప హ్యాండిల్ ఇచ్చి, కారు ముందర వంగి దాన్ని తిప్పుతున్నట్టు నవ్వమన్నాడు. పెళ్లికొడుకు బొటనవేలితో సహా హ్యాండిల్ చుట్టూ పిడికిలి బిగించి, ఉన్న పళ్లన్నీ కనబడేలా నవ్వాడు. ఆ బొటనవేలు తీసి పక్కన పెట్టమని చెప్పబోయి, ఉత్త ఫొటోయే కదా అని ఆగాను. నా పక్కన నిలబడిన చిన్నాయన కొడుకు మాత్రం కళ్లు తుడుచుకొని, "ఆ కాలమే కాలంలే అక్కా. కార్లకు బలముండె, మనుషులకు పెద్దలంటే భయముండె" అన్నాడు. నేను అతని మొహం మీదే నవ్వాను. వయసు మళ్లిన ఆడదాన్ని కాబట్టి చాదస్తమనుకొని ఊరుకున్నాడు. భోజనాల దగ్గర కూడా వాళ్లంతా ఆ కాలం గురించే మాట్లాడుకుంటున్నారు. ఆ కాలాన్ని నేనూ చూశాను. అందరికంటే దగ్గర్నుంచి చూశాను.

అలాంటి కారే ఆళ్లగడ్డలో మా ఇంట్లో ఉండేది. మా ఇల్లు అంటే మా అమ్మ పుట్టినిల్లు. అమ్మకు అన్నదమ్ములు లేరు. అందుకని మా నాయనను కోయిలకుంట్ల పక్క నుంచి ఇల్లటం తెచ్చుకున్నారు. కోడలు అత్తగారింటికి పోయినట్టు అల్లుడు మామగారింటికి వచ్చి ఉండిపోవడమే ఇల్లటం. కోడలికైతే ఏడవడానికి పుట్టినిల్లయినా ఉంటుంది, ఇల్లటపు అల్లుడికి అదీ ఉండదు. మా నాయన పేరు ఓబులేసు. నలుగురన్నదమ్ముల్లో మూడోవాడు. సన్నగా, పొడుగ్గా, ఎప్పుడూ ఎవరికో దారి ఇస్తున్నట్టు పక్కకు ఒదిగి నిలబడేవాడు. అమ్మ నాన్నను మేం అబ్బ అనేవాళ్లం. ఆ ఇంట్లో భూమి అబ్బది, ఎద్దులు అబ్బవి, కారు అబ్బది, మాట కూడా అబ్బదే. మిగిలినవాళ్లం తలలు ఊపడానికి ఉండేవాళ్లం.

అబ్బకు కారు తోలడం రాదు. నేర్చుకోలేదు. తోలడం కూలివాళ్ల పని అని ఆయన అభిప్రాయం. ఆ పని నాయన చేసేవాడు. అబ్బ ముందు సీట్లో, ఎడమ పక్క, కర్ర రెండు మోకాళ్ల మధ్య నిలబెట్టుకొని కూర్చునేవాడు. కారును గొడ్ల కొట్టంలోనే ఒక పక్కన కట్టేసేవాళ్లం. కట్టేయడమని ఊరికే అనలేదు. ముందర బంపరుకు నిజంగానే ఒక తాడుండేది, అది ఎందుకో ఇప్పటికీ నాకు తెలియదు. పేడ వాసన, చిట్టు నానబెట్టిన కుడితి వాసన, వాటి మీద తేలుతూ పెట్రోలు వాసన. నాకు ఊహ తెలిసినప్పటి నుంచి తెల్లారడమంటే ఆ మూడు వాసనలే. అబ్బ వేపపుల్ల నములుతూ వచ్చి మొదట బర్రెలను, తర్వాత కారును చూసేవాడు. బానెట్ ఎత్తించి లోపలికి తొంగిచూసి, ఏమీ అర్థం కాకపోయినా "ఊఁ" అనేవాడు. నాయన పాత పంచెగుడ్డతో అద్దాలు తుడిచేవాడు. తర్వాత జొన్నరొట్టె, ఊరుబిండి పచ్చడి. అబ్బ తిని లేచేదాకా నాయన పీట మీద కూర్చునేవాడు కాదు.

ఇక ఆ గీత సంగతి చెప్పాలి. కారు ఇంజన్‌లో పెట్రోలు ఆవిరిని బాగా నొక్కిపెట్టి, సరిగ్గా అదను చూసి నిప్పురవ్వ అంటించాలి. రవ్వ ముందే పడితే ఇంజన్ ఎదురు తన్నుతుంది. ఆలస్యంగా పడితే వేడెక్కి, ఎత్తు ఎక్కలేక నిలబడిపోతుంది. ఆ రవ్వను వంతులవారీగా పంచేది డిస్ట్రిబ్యూటర్ అని ఒకటి ఉంటుంది, నల్లమూత పెట్టిన గిన్నెలాంటిది. దాని మెడ దగ్గరి బోల్టు వదులు చేసి, గిన్నెను వెంట్రుకవాసి ఇటో అటో తిప్పి, మళ్లీ బిగిస్తే దాన్నే టైమింగ్ పెట్టడం అంటారు. అంతే. ఇందులో దేవరహస్యం లేదు. ఊరగాయ జాడీ మూత తిప్పడం వచ్చినవాళ్లకు ఇదీ వస్తుంది. కానీ మా ఇంట్లో అది దేవరహస్యమై కూర్చుంది.

కారు కొన్నప్పుడు దానితో పాటు మద్రాసు నుంచి ఒక మేస్త్రీ వచ్చాడట. ఆయన టైమింగ్ పెట్టి, గిన్నె మీద, దాని కింది రేకు మీద కలిసేలా ఉలితో సన్నటి గీత కొట్టి, "పెద్దాయనా, ఈ రెండు గీతలు కలిసున్నంత కాలం నీ బండికి ఢోకా లేదు" అని చెప్పిపోయాడట. చెప్పిందంతే. అబ్బ ఆ మాటను పట్టుకొని దానికి గుడి కట్టాడు. ప్రతి శుక్రవారం గీతకు పసుపు రాసి కుంకుమ బొట్టు పెట్టించేవాడు. ఇంటికి ఎవరు వచ్చినా బానెట్ ఎత్తించి చూపించేవాడు. మా వాకిలి తిన్నె మీద పొద్దుట నుంచి బీడీలు కాలుస్తూ, వేయించిన వేరుశనగ బుడ్డలు వలుచుకుంటూ కూర్చునే పెద్దమనుషుల గుంపు ఒకటుండేది. వాళ్లలో ఒక్కడికీ కారు లేదు, స్టీరింగు ముట్టుకున్నవాడు లేడు. కానీ టైమింగ్ గురించి మాట్లాడమంటే మధ్యాహ్నం దాకా మాట్లాడేవాళ్లు. "మద్రాసు గీతంటే మద్రాసు గీతేనప్పా" అని ఒకడంటే, మిగిలినవాళ్లు వేదం విన్నట్టు తల ఊపేవాళ్లు.

ఒక వేసవిలో ఆ గిన్నె లోపలి ఇరుసు అరిగి గడగడలాడడం మొదలుపెట్టింది. ఇక పనికిరాదని తేలాక, నంద్యాలలో పాత సామాన్లు అమ్మే అంగడి నుంచి ఇంకేదో బండిది తెప్పించారు. చూడడానికి అలాంటిదే, కానీ అదే కాదు. దానికి గీత లేదు. ఇక్కడ మా అబ్బ చేసిన పని ఇంకెవరూ చేసి ఉండరు. పాతగిన్నెను ఒళ్లో పెట్టుకొని, దారం తీసుకొని, మూత క్లిప్పు నుంచి గీత దాకా ఎంత దూరముందో కొలిచాడు. ఆ కొలత ప్రకారం కొత్తగిన్నె మీద కమ్మరి చేత గీత కొట్టించాడు. తర్వాత "గీతకు గీత కలిపి బిగించు" అని నాయనకు ఇచ్చాడు. పాత అల్లుని కొలతలు ఇచ్చి కొత్త అల్లునికి చొక్కా కుట్టించినట్టుంది. మద్రాసు మేస్త్రీ ఆ గీత కొట్టింది ఆ ఇంజన్‌కు ఆ గిన్నె ఎక్కడ కుదురుతుందో వెతికి చూసి. కొత్తదానికి ఆ చోటు వేరే. ఈ ముక్క తిన్నె మీది ఒక్క పెద్దమనిషికీ తట్టలేదు. పైగా, "సొంత తెలివంటే మీదప్పా" అని అబ్బను పొగిడి, టీలు తాగిపోయారు.

అప్పటి నుంచి రవ్వ ముందే పడేది. కారు శిరివెళ్ల వైపు కాస్త ఎత్తు ఎక్కితే చాలు, డబ్బాలో చింతపిక్కలు పోసి ఊపినట్టు ఇంజన్ లోపల గలగలమనేది. ఆ చప్పుడు వీధి చివరి కుక్కలకు కూడా వినబడేది. అబ్బ మాత్రం దానికొక పేరు పెట్టాడు, రోషం అని. "మా ఇంజిన్‌కు రోషమెక్కువ" అని గర్వంగా చెప్పేవాడు. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనేవాళ్లను చూశాం. ఈయన ఆ మూడుకాళ్ల కుందేలుకు పౌరుషం కూడా అంటగట్టాడు. బ్యాటరీ ఎప్పుడూ చచ్చే ఉండేది కాబట్టి కారును ముందర నుంచి హ్యాండిల్ పెట్టి తిప్పాలి. తిప్పేది ఇంకెవరు, నాయనే. తిప్పుతుంటే హ్యాండిల్ వెనక్కి గుంజేది. ఒక్కోసారి చేతిలోంచి విదిలించుకొని గిర్రున తిరిగేది. ఇంజన్‌లో ఏం జరుగుతుందో పుస్తకం చదివి తెలుసుకున్నవాడు కాదు నాయన. కానీ చేతికి తెలిసింది. అది ఎప్పుడో ఒకనాడు చేతిని విరిచేస్తుందని ఆయనకు తెలుసు.

ఒక సాయంకాలం అమ్మ రొట్టెలు తడుతోంది. నేను పక్కన కూర్చొని కారం నూరుతున్నాను. నాయన వచ్చి గడప మీద కూర్చున్నాడు. కుడిచేతిని ఎడమచేత్తో ఒత్తుకుంటున్నాడు.

"అది ముందే రేగుతాంది. వెంట్రుకంత ఎనక్కి తిప్పితే సాలు" అన్నాడు.

"అయితే తిప్పు" అంది అమ్మ.

"మామ గీత పెట్టిచ్చినాడు గదా."

"మామకు చెప్పి తిప్పు."

"నేనెట్ల చెప్పేది?"

"నోటితో."

అమ్మ రొట్టె తిరగేసి, "ఆ చెయ్యి ఇరిగితే నేను గాదు, నువ్వు అనుభవించేది" అంది. నాయన "అట్లేం గాదులే" అన్నాడు. ఇంట్లో పిల్లి ఒకటి, ఎలుకలం చాలామందిమి. గంట కట్టాల్సింది ఎవరో అందరికీ తెలుసు, కట్టాల్సినవాడికి ఇంకా బాగా తెలుసు. ఆయన ఆ రాత్రి తినకుండానే లేచిపోయాడు.

పొద్దున్నే మాత్రం ధైర్యం చేశాడు. నేను చూస్తూనే ఉన్నాను. అబ్బ వేపపుల్ల నోట్లో పెట్టుకొని కొట్టంలోకి రాగానే, నాయన బర్రె తాడు సవరిస్తున్నట్టు నటిస్తూ, కారు వైపు కాకుండా బర్రె వైపే చూస్తూ, "మామా, ఒగసారి నంద్యాల మేస్త్రీకి చూపిద్దామా?" అన్నాడు.

"ఏం, దానికి జరమొచ్చిందా?"

"ల్యా మామా. హ్యాండిలు కొంచెం ఎనక్కి తంతాంది..."

అబ్బ పుల్ల తీసి పక్కకు ఉమ్మాడు. "మద్రాసోడు పెట్టిన గీతను నంద్యాలోడు చూసేదేంది? రోషమున్న ఇంజినప్పా అది. పట్టుకునేటోని చేతిలో బిగువుండాల. బిగువు ల్యాకపోతే గాడిద గూడ తంతాది."

"అదీ నిజమే మామా" అన్నాడు నాయన.

అదీ నిజమే మామా! ఈ మూడు మాటలు తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది. చిన్నాయన కొడుకు తలుచుకొని కళ్లు తుడుచుకున్న గౌరవం ఇదే. ఒకరు తప్పు చెప్పడం, ఇంకొకరు దాన్ని నిజమనడం, ఇద్దరికీ అది తప్పని లోపల తెలిసి ఉండడం. అబ్బకు కూడా తెలుసనే నా అనుమానం. కొత్తగిన్నె వచ్చినప్పటి నుంచే ఇంజన్ గలగలమంటోందని గమనించలేనంత మొద్దు కాదు ఆయన. కానీ గీత తప్పంటే కొలిచిన తాను తప్పు. ఆయన తప్పు చేయడం ఆ ఇంట్లో ఎన్నడూ జరగలేదు, జరగడానికి వీల్లేదు.

కార్తీక సోమవారం ఒకనాడు యాగంటికి ప్రయాణం పెట్టుకున్నాం. అమ్మ పొద్దున్నే లేచి చిత్రాన్నం కలిపి అరిటాకుల్లో కట్టింది. ఇంట్లో నిమ్మకాయ, ఇంగువ తాలింపు వాసన. కారులో చాప, నీళ్ల బిందె, పూజ సామాను సర్దారు. అక్క, నేను, అమ్మ వెనక ఎక్కాం. అబ్బ ఉతికిన పంచె కట్టి, విభూతి పెట్టుకొని ముందు సీట్లో కర్రతో సహా కూర్చున్నాడు. తిన్నె మీది పెద్దమనుషులంతా లేచి నిలబడ్డారు, ఏదో తేరు లాగుతున్నట్టు. మంచు పడి ఇంజన్ చల్లగా ఉంది. నాయన హ్యాండిల్ దూర్చి, రెండు మూడుసార్లు మెల్లగా తిప్పి చూశాడు. వెనక్కి గుంజింది. చెయ్యి తీసేసి, అద్దంలోంచి అబ్బ వైపు చూశాడు. ఆ చూపు నేను మరిచిపోలేను. ఒక్కమాట, ఒక్కటంటే ఒక్కమాట చెబితే చాలు. "తోపిద్దాం మామా" అన్నా చాలు. నలుగురు మగవాళ్లు అక్కడే నిలబడి ఉన్నారు.

"ఏం చూస్తాండావ్? తిప్పు. రాహుకాలమొస్తాది" అన్నాడు అబ్బ.

నాయన వంగాడు. ఎలా పట్టుకోవాలో అలాగే పట్టుకున్నాడు. నేను కిటికీలోంచి తల బయటపెట్టి చూస్తున్నాను కాబట్టి చెబుతున్నాను. బొటనవేలు హ్యాండిల్ చుట్టూ బిగిస్తే అది తన్నినప్పుడు చెయ్యి వదిలించుకోలేం, అందుకని మిగతా వేళ్ల పక్కనే పెట్టాడు. పైకి గుంజాడు. ఇంజన్ ఒక్కసారి దగ్గి, ఎదురు తన్నింది. ఎండుకట్టె విరిగినట్టు చప్పుడు. నాయన బంపరుకు వీపు ఆనించి నేల మీద కూర్చుండిపోయి, కుడిచేతిని ఒళ్లో పెట్టుకొని దాన్నే చూశాడు. మణికట్టు దగ్గర చెయ్యి ఉండాల్సిన చోట లేదు.

అబ్బ దిగలేదు. కిటికీలోంచి తల బయటపెట్టి, "ఏమాయ?" అన్నాడు. ఎవరో చెప్పారు. అప్పుడు ఆయన అన్న మాట ఇది: "బొటనేలు యాడ పెట్టినావప్పా? హ్యాండిలు పట్టుకోను రాకపోతే ఎట్ల?"

నాయన తల ఎత్తాడు. మొహం సున్నంలా పాలిపోయి ఉంది. "నాదే తప్పు మామా" అన్నాడు.

తిన్నె మీదివాళ్లు వెంటనే అందుకున్నారు. బొటనవేలు అలా పెట్టకూడదని ఒకడు, ఇలా పెట్టాలని ఒకడు, తన బావమరిదికి ఎక్కడో ఇలాగే అయిందని ఇంకొకడు. కాకికేం తెలుసు ఎద్దు పుండు నొప్పి. ఎద్దే "పొడువు తల్లీ" అని వీపు అప్పగిస్తే కాకులను అనడమెందుకు? అమ్మ కారు దిగి, కొంగు చించి చేతికి కట్టి, ఎద్దులబండి కట్టించి నాయనను కట్టు కట్టేవాని దగ్గరికి తీసుకుపోయింది. చిత్రాన్నం పొట్లాలు కారులోనే పాచిపోయాయి. యాగంటి స్వామి మా మొహాలు చూసే పని తప్పించుకున్నాడు.

కట్టు కట్టినవాడు వెదురుబద్దలు, కోడిగుడ్డు సొన, ఏవో ఆకులు పెట్టి చుట్టాడు. ఇల్లంతా ఆ కంపు పట్టింది. ఎముక అతుక్కుంది గానీ వంకరగా అతుక్కుంది. ఆ తర్వాత నాయన చెయ్యి వెల్లకిల తిరగలేదు. ముద్ద నోటి దగ్గరికి రాదు కాబట్టి నోరే ముద్ద దగ్గరికి పోయేది. కంచం మీదికి వంగి తినేవాడు. పదిమందిలో విస్తరి ముందర కూర్చోవాల్సి వస్తే ఆకలి లేదనేవాడు. ఊళ్లో మాత్రం కథ స్థిరపడిపోయింది. ఫలానా వాళ్ల ఇల్లటపు అల్లునికి హ్యాండిల్ పట్టుకోను రాదు. పాపం మామ ఎంత చెప్పినా వినలేదు.

కట్టు ఇంకా విప్పకముందే ఒక మధ్యాహ్నం అమ్మ కొట్టంలోకి పోయింది. నేనూ వెంట పోయాను. బానెట్ ఎత్తి, గీత మీది కుంకుమను చెంగుతో తుడిచేసింది. పానా తీసుకొని బోల్టు వదులు చేసి, గిన్నెను వెనక్కి తిప్పి బిగించింది. ఎంత తిప్పాలో ఆమెకు తెలియదు. కోపమెంత ఉందో అంత తిప్పింది. చప్పుడు విని అబ్బ వచ్చాడు.

"ఏం చేస్తాండావ్?"

"నీ గీత తుడుస్తాండా."

"మతి పోయిందా నీకు?"

"నాకు పోల్యా. మొగుని చెయ్యి పోయింది."

అబ్బ నిలబడి చూశాడు. కర్ర ఎత్తలేదు, అరవలేదు. తుండుగుడ్డ దులిపి భుజాన వేసుకొని తిన్నె మీదికి పోయి కూర్చున్నాడు. కొంపలేం మునగలేదు. కూతురు ఎదురు చెప్పింది కాబట్టి ఆ పూట మజ్జిగ వద్దన్నాడు, అంతే. అయితే ఆ సాయంకాలం జరిగింది నేను ఇప్పటికీ జీర్ణించుకోలేను. నాయన మంచం మీంచి లేచి వచ్చి, "మామను అడక్కుండా దాన్ని ఎట్ల ముట్టుకుంటివి?" అని అమ్మను కోప్పడ్డాడు. నాయన అమ్మ మీద గొంతు పెంచడం నేను చూసింది అదొక్కసారే. తర్వాత, కుడిచేతికి వెదురుబద్దలతో, ఎడమచేత్తో పానా పట్టుకొని, ఆపసోపాలు పడి, గీతకు గీత కలిపి మళ్లీ బిగించాడు. తన చెయ్యి విరిచిన దాన్ని తన చేత్తోనే దాని చోట పెట్టాడు. ఆ రోజు అబ్బ మీద కన్నా నాయన మీదే నాకు ఎక్కువ కోపం వచ్చింది. ఇప్పుడు కోపంతో పాటు జాలి కూడా ఉంది, కానీ కోపం తగ్గిందని అబద్ధం చెప్పలేను.

ఆ పైన హ్యాండిల్‌ను ఎవరూ ముట్టలేదు. వీధిలో వాళ్లు తోస్తే కారు స్టార్ట్ అయ్యేది. అబ్బ ముందు సీట్లో ఉత్సవవిగ్రహంలా కూర్చుంటే, బోయీల్లా నలుగురు వెనక నుంచి తోసేవాళ్లు. ఇంజన్ గలగలమంటూ ఊరు దాటేది. బోల్టు ఒకటి వదులు చేసి బిగించే పనికి బదులు ఊరు ఊరంతా ఏళ్ల తరబడి చెమటోడ్చి తోసింది. ఇప్పటివాళ్లేదో తెలివైనవాళ్లని నేననడం లేదు. మా మనవడి కారులో ఎర్రదీపం వెలిగితే వాడు చక్రం కింద నిమ్మకాయ పెట్టి తొక్కించుకొని పోతాడు. బానెట్ కింద ఏముందో వాడికీ తెలియదు, వాళ్ల మెకానిక్‌కూ తెలియదు, అంతా కంప్యూటర్‌కు తెలుసట. కానీ వాడి మూర్ఖత్వానికి వాడి చెయ్యే బలి. అప్పట్లో ఒకరి మూర్ఖత్వానికి ఇంకొకరి చెయ్యి విరిగేది. ఆ కాలం గొప్పదని చెప్పేవాళ్లను చూస్తే, వాళ్లు ముందు సీట్లో కూర్చున్నవాళ్ల మనవళ్లయి ఉంటారనిపిస్తుంది.

అబ్బ పోయాడు. కారు నాయన చేతికొచ్చింది. ఇప్పుడైనా ఆ బోల్టు వదులు చేస్తాడని నేననుకున్నాను. చేయలేదు. శుక్రవారం కుంకుమ కూడా మానలేదు. "మామ పెట్టిచ్చింది, ఉండనీ" అన్నాడు. ముందు సీటు ఖాళీగా ఉంచి కొన్నాళ్లు తోలాడు. తర్వాత జీతగాడి కొడుకు తోలడం నేర్చుకుంటే, తాను పోయి ఆ సీట్లో కూర్చున్నాడు. కూర్చున్న తీరు కూడా అబ్బదే, కర్ర ఒక్కటే తక్కువ.

అక్కకు నంద్యాల సంబంధం కుదిరింది. ప్రసాద్ బావ బస్సు కండక్టరు. పొద్దుట నుంచి సాయంకాలం దాకా వందలమందికి "స్థలం ల్యా, ఎక్కొద్దు" అని చెప్పే ఉద్యోగం. పెళ్లయిన కొత్తలో అక్కాబావా వచ్చి ఉన్నారు. అందరం కలిసి నంద్యాలకు బయలుదేరాం. ఆ వేళ తోసేవాళ్లెవరూ చేల నుంచి రాలేదు. జీతగాడి కొడుకు స్టీరింగు ముందర కూర్చున్నాడు. నాయన ముందు సీట్లో కూర్చొని, కిటికీలోంచి తల బయటపెట్టి, "ఏమప్పా, హ్యాండిలు తిప్పు" అన్నాడు.

వాకిట్లో అమ్మ అలాగే నిలబడిపోయింది.

బావ హ్యాండిల్ వైపు చూశాడు. నాయన చేతి వైపు చూశాడు. "నేను తిప్పను మామా. అది తంతాది" అన్నాడు. కోపం లేదు, వెటకారం లేదు. టికెట్టు చింపి ఇచ్చినట్టు చెప్పాడు. "ముందు టైమింగు సరిగా పెట్టిచ్చు. అప్పుడు ఎన్నిసార్లన్నా తిప్పుతా." చెప్పి, చొక్కా చేతులు దించుకొని లోపలికి పోయి, అక్కను కాఫీ అడిగాడు.

నాయన సీట్లోనే ఉండిపోయాడు. పిడుగు పడుతుందేమోనని నేను ఎదురుచూశాను. పడలేదు. కాసేపటికి దిగి, పంచె సర్దుకొని, "బస్సుకే పోదాంపాండి" అన్నాడు.

మరుసటి రోజు బావే నంద్యాల నుంచి ఒక మేస్త్రీని పిల్చుకొచ్చాడు. నోట్లో జర్దా, మాటమాటకు కసురుకునే మనిషి. ముందరి ప్లగ్గు విప్పి, ఆ బెజ్జం మీద వేలు పెట్టి, బావను హ్యాండిల్ మెల్లగా తిప్పమన్నాడు. గాలి వేలిని తన్నుతున్నప్పుడు ఆపించి, ఇంజన్ ముందరి చక్రం మీది గుర్తు చూసుకున్నాడు. రవ్వ ఎప్పుడు పడుతుందో తెలియడానికి చిన్న బల్బుకు రెండు తీగలు కట్టి తగిలించాడు. బోల్టు వదులు చేయబోతుంటే నాయన వంకర చెయ్యి దానంతటదే ముందుకొచ్చింది. "ఉండు మామా" అన్నాడు బావ. చెయ్యి ఆగిపోయింది. మేస్త్రీ గిన్నెను వెనక్కి తిప్పాడు. బల్బు వెలిగిన చోట ఆపి బిగించాడు. కుంకుమ గీత రెండు ముక్కలై, ఒకటి ఇక్కడ, ఒకటి అక్కడ నిలిచింది. "దీన్ని ఎవడబ్బా ఇట్ల పెట్టిన గాడిద?" అన్నాడు మేస్త్రీ. బావ హ్యాండిల్ సగం గుంజాడో లేదో, ఇంజన్ గలగల లేకుండా, కుక్కిన పేనులా పని చేసుకోవడం మొదలుపెట్టింది.

వాళ్లు పోయాక నాయన కొట్టంలో కారు మెట్టు మీద కూర్చున్నాడు. అమ్మ మజ్జిగ చెంబు తెచ్చి పక్కన పెట్టింది. నేను గొడ్లకు నీళ్లు పెడుతున్నాను.

"ఆ పిల్లోడు తిప్పనన్నాడే నాతోన" అన్నాడు నాయన.

"అన్నాడు."

"నాకేం కోపం రాల్యా."

"రాకపాయ."

నాయన బర్రె వైపు తిరిగాడు. తర్వాత గొంతు తగ్గించి, ఎవరైనా వింటారేమోనన్నట్టు, "ఆ పొద్దు నేనూ మీ నాయనతో అట్ల అనింటే?" అని అడిగాడు.

అమ్మ ఆలోచించింది. ఓదార్చడానికి అబద్ధం చెప్పే మనిషి కాదు అమ్మ. "ఏమనేటోడు? రెండు దినాలు మొగం ముడుచుకునేటోడు. మూడోనాడు ఆయప్పే పలకరించేటోడు" అంది.

నాయన మజ్జిగ చెంబును ఎడమచేత్తో ఎత్తి, తాగకుండానే కింద పెట్టాడు.

"రెండు దినాలేనా?" అన్నాడు.